భూసేకరణమునందు న్యాయ్యపరిహార నిర్ణయము

భూమిని విక్రయించుటకును, కోలుపోవుటకును భేదము కలదు. విక్రయించువాడు తనకు నచ్చిన కాలమున, నచ్చిన వెలకు, నచ్చినవానికి అమ్మును, నచ్చనిచో మానుకొనును. ప్రభుత్వము ప్రజోపయోగమునకై పొలమును గైకొనునపుడు రైతునకీ స్వాతంత్ర్యము లేదు. అయినను శాసనము అతని కీయవలసిన ధనమును విక్రయపు వెలతోడనే కొలుచుచు వచ్చినది. లేని బేరమును ఉన్నట్లు భావించి వెలకట్టుట యెట్లు? భూసేకరణ శాసనముల చరిత్రయందు ఆద్యంతము ఈ ప్రశ్నయే కానవచ్చును.

బంగాళమున 1824 సంవత్సరపు మొదటి రెగ్యులేషను ప్రజాకార్యములకై భూమిని గైకొను విధానము నేర్పరచెను. బ్రిటిషు ఇండియా కంతటికిని ఉద్దేశింపబడిన మొదటి చట్టము 1857లోని 6వ చట్టము. వెలవిషయమున వివాదము పొడమినచో నందు మధ్యవర్తులు తీర్చుచుండిరి. 1870లోని 10వ చట్టము ఆ యధికారమును న్యాయస్థానమునకు మార్చి, జడ్జికి తోడుగా అసెసర్లను నియమించెను. 1894లోని 1వ చట్టము అసెసర్లను తొలగించి, కలెక్టరు మొదట అవార్డు వ్రాయునట్లును, దాని కొప్పుకొననివారు న్యాయస్థాన విచారణము కోరుకొనునట్లును విధించెను. ఈ చట్టము 2013 సంవత్సరాంతము వరకు అమలునందుండెను.

1894 చట్టపు 23వ సెక్షను పరిహారమున లెక్కింపదగిన యంశములను జెప్పెను. అవి భూమియొక్క బజారువెల, దానిపై నిలిచియున్న పైరులకును చెట్లకును గల్గు నష్టము, ఒక చెక్క కోసికొనుటచే మిగిలిన కమతమునకు వచ్చు కీడు, నివాసము మార్పవలసివచ్చినచో నగు వ్యయము మొదలైనవి. సేకరణము బలవంతపుది కావున బజారువెలపై నూటికి 15 వంతున సొలేషియ మను నధికద్రవ్యము చేర్చబడెను. 24వ సెక్షను విడువవలసినవానిని జెప్పెను. సేకరణమునకు గల తొందర, యజమానుని యనిష్టము, సేకరించిన పిమ్మటి వినియోగముచే భూమికి రాగల వృద్ధి అట్టివి. అనగా తాతలనాటి నేలను విడువజాలని రైతు మమకారము లెక్కకు రాదు.

వెల యేనాటిదిగా గట్టవలయు నను ప్రశ్నయు గలదు. మొదట 6వ సెక్షను డిక్లరేషను తేదీ ప్రమాణముగా నుండెను. 1923 సవరణ 4వ సెక్షను తొలిప్రకటన తేదీని ప్రమాణము చేసెను. ప్రకటనకును అవార్డునకును నడుమ నేండ్లు గడచినచో, ఆ నడుమ బెరిగిన వెల రైతునకు దక్కదయ్యెను.

బజారువెల యననేమో తేల్చిన ప్రసిద్ధవ్యాజ్యము ఆంధ్రదేశముననే పుట్టినది. విశాఖపట్టణపు హార్బరు నిర్మాణకాలమున, 1928లో, మలేరియా నివారణార్థము వైరిచర్ల నారాయణ గజపతిరాజుగారి లోవతోటల భూమి సేకరణకు ప్రకటన వెలువడెను. ఆ నేలయందు నీటియూట కలదు. ఆ నీరు హార్బరు ప్రాంతమున కుపయోగపడగలదు కావున, ఆ యోగ్యతకు సైతము వెల యీయవలయునని యజమానుని వాదము. చెన్నపురి హైకోర్టున నది నెగ్గలేదు. 1939లో ప్రీవీ కౌన్సిలు, లార్డ్ రోమరు తీర్పున, ఆ వాదము నంగీకరించెను. కొనగలవారు సేకరించు నధికారులొక్కరే యైనను, ఇష్టపడి యమ్మువాడు ఇష్టపడి కొనువానివలన న్యాయముగా నాశింపదగిన వెల నీయవలసినదే యని సిద్ధాంతమయ్యెను. 24వ సెక్షను నిషేధించినది సేకరణోద్దేశముచే వచ్చు వృద్ధిని. ఈ తీర్పు గుర్తించినది నేలయందు ముందే యున్న యోగ్యతను. ఈ భేదము నెరిగినగాని ఆ రెండింటికి విరోధము లేదని తెలియరాదు.

సిద్ధాంత మెంత యుదారమైనను సాక్ష్యము దుర్బలముగా నుండెను. ఇరుగుపొరుగు పొలముల క్రయదస్తావేజులే ముఖ్యాధారములు. స్టాంపు సుంకమునకు వెరచి దస్తావేజులయందు అసలువెల తగ్గించి వ్రాయు నలవాటు గలదు. అట్టి కాగితములను బట్టి కట్టిన పరిహారముతో, పొలము పోయినవాడు ఆ చుట్టుపట్ల మరల నంత పొలము కొనుట దుర్ఘటము. 1984 సవరణ సొలేషియమును నూటికి 30 చేసి, తొలిప్రకటన మొదలు అవార్డు తేదీ, స్వాధీనపు తేదీ యనువానిలో ముందు వచ్చుదానివరకు బజారువెలపై ఏటికి నూటికి 12 వంతున అదనముగా నిప్పించెను. కాలయాపనవలని నష్టము కొంత తీరెను.

2013లోని 30వ చట్టము 2014 జనవరి 1వ తేదీనుండి అమలులోనికి వచ్చెను. స్టాంపు చట్టపు కనీసవెల, సమీపమున గడచిన మూడేండ్ల విక్రయములలో నధికవెల గల సగమునకు సగటు మొదలగువానిలో నెక్కువదానిని గ్రహించి, గ్రామప్రాంతములందు 1 మొదలు 2 వరకు గల యంకెచే హెచ్చవేసి, నూటికి 100 వంతున సొలేషియము చేర్చవలయునని యది విధించినది. సొంతభూమి లేకున్నను, సేకరణకు ముందు మూడేండ్లుగా ఆ నేలపై బ్రతుకుచున్న కౌలుదారును, కూలివానిని సైతము బాధితులలో లెక్కించినది.

15, 30, 100 అను నీ యంకెలు ఉదారతను మాత్రమే తెలుపునవి కావు. ఇష్టపడి యమ్మువాడు కల్పితపురుషుడే యని శాసనము క్రమముగా నొప్పుకొన్న సంగతిని దెలుపును. కాని యెంత గుణించినను మూలాంకము దస్తావేజులనుండియే వచ్చుచున్నది. కావున పరిహారము న్యాయ్యమగుట, అవార్డు వ్రాయువాని వివేకముపై నెంత యాధారపడియున్నదో, గ్రామమున క్రయపత్రములు వ్రాయువారి సత్యముపైనను అంత యాధారపడియున్నది.