రాప్టర్ ఇంజిన్
అమెరికా సంస్థ స్పేస్‌ఎక్స్ తన రాకెట్ స్టార్‌షిప్ కోసం రూపొందించిన ఇంజిన్. ద్రవ మీథేన్, ద్రవ ఆక్సిజన్‌లతో నడుస్తుంది. మీథేనే ఎందుకంటే, కిరోసిన్ మండితే ఇంజిన్ లోపల మసి పేరుకుంటుంది. పదే పదే వాడాల్సిన ఇంజిన్‌కు అది పెద్ద తలనొప్పి. హైడ్రోజన్‌కు ఆ బెడద లేదు కానీ, దాన్ని ద్రవంగా ఉంచాలంటే మైనస్ 253 డిగ్రీల సెల్సియస్ చలి కావాలి. మీథేన్‌కు మైనస్ 162 చాలు. అంగారకుడి మీద కూడా మీథేన్ తయారుచేసుకోవచ్చంటారు. ప్రస్తుతానికి అది ఆశే.

రాప్టర్‌లో ఇంధనం, ఆక్సిజన్ రెండూ వాయువులుగా మారి, టర్బైన్లు తిప్పాకే దహన గదిలోకి వెళతాయి. సోవియట్ ఇంజిన్ ఆర్‌డి-270 ఇదే పద్ధతిదైనా ఎన్నడూ ఎగరలేదు. రాప్టర్ 2019లో స్టార్‌హాపర్ అనే పరీక్షా వాహనంతో ఎగిరింది. అయితే కక్ష్య చేరిన తొలి మీథేన్ రాకెట్ చైనాకు చెందిన జూచే-2 (2023 జులై). స్టార్‌షిప్ కింది భాగమైన, 33 రాప్టర్లున్న సూపర్ హెవీ బూస్టర్ ఎగిరి తిరిగొస్తుండగా దాన్ని 2024 అక్టోబర్ 13న టెక్సస్‌లో ప్రయోగ గోపురపు ఉక్కు చేతులతో పట్టుకున్నారు.