రాజ్యం ఎందుకు పుట్టింది?

ముప్పై ఏళ్లకు పైగా ప్రభుత్వ కొలువు చేసిన మనం 'అసలు ప్రభుత్వం ఎందుకు?' అని ఎన్నడైనా ఆలోచించామా? నన్ను ఒక వృద్ధ రైతు ఆలోచింపజేశాడు.

1977 నవంబరు నాటి దివిసీమ ఉప్పెన తర్వాతి మాట. అప్పుడే గుమాస్తాగా చేరి, సహాయం అందవలసిన వారి జాబితాలు రాస్తున్నాను. ఆ రైతు వచ్చి, "బాబూ, శిస్తు లెక్కల్లో ఏటా నా పేరుంటుంది. సాయం లిస్టులో ఎందుకు లేదు?" అన్నాడు. "రేపు రండి" అన్నాను. ఆయన మళ్లీ రాలేదు.

రిటైరయ్యాక జవాబు కోసం చరిత్ర పుస్తకాలు తిరగేశాను. కౌటిల్యుని అర్థశాస్త్రంలో ఒక కథ ఉంది. పెద్ద చేప చిన్న చేపను మింగినట్లు బలవంతులు బలహీనులను పీడిస్తుంటే, ప్రజలే మనువును రాజుగా చేసుకున్నారట. ధాన్యంలో ఆరవ వంతు, సరుకుల్లో పదవ వంతు ఆయనకు వాటాగా ఏర్పరచారట. దానికి ప్రతిఫలంగా రాజు ప్రజల యోగక్షేమాలు చూడాలి. బౌద్ధుల దీఘనికాయంలోని మహాసమ్మతుని కథ కూడా ఇటువంటిదే. దొంగతనాలు పెరిగితే జనం ఒకరిని ఎన్నుకొని, తమ ధాన్యంలో వాటా ఇచ్చారు.

ఇవి కథలే కావచ్చు. శిలాసాక్ష్యం మాత్రం మన బాపట్ల జిల్లా మోటుపల్లిలో ఉంది. తుఫానుకు ఓడలు పగిలి సరుకు ఒడ్డుకు కొట్టుకొస్తే, పూర్వపు రాజులు దానిని బలవంతంగా లాగుకొనేవారు. కాకతీయ గణపతిదేవుడు 1244-45లో అభయశాసనం వేయించి, నిర్ణీత సుంకం తప్ప మరేమీ తీసుకోనని వర్తకులకు మాట ఇచ్చాడు. ఎగుమతి దిగుమతులపై ఆ సుంకం ముప్పయ్యవ వంతు. రేవు ఆదాయం ఆయనకూ అవసరమే. అయినా, ఆపదలో ఉన్నవాడిని దోచుకోవడం పాలన కాదని రాతిపై రాయించాడు. 1358లో అనపోతారెడ్డి అక్కడే మరో అభయశాసనం వేయించాడు. అంటే అభయం ఒకసారి ఇస్తే సరిపోదు, పాలకులు మారినప్పుడల్లా మళ్లీ ఇవ్వవలసిందే.

1982 డిసెంబరు 17న నకారా కేసులో, పింఛను ప్రభుత్వం దయతలచి ఇచ్చే బహుమతి కాదు, హక్కు అని సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. ఏటా ఆ రోజును పింఛనుదారుల దినంగా జరుపుకుంటున్నాం. మన విషయంలో హక్కు అని ఎలుగెత్తి చెప్పే నేను, ఆనాడు ఆ రైతుకు అందవలసిన దానిని దయాధర్మం అనుకున్నాను. శిస్తు లెక్కల్లో పేరున్నవాడికి సాయం జాబితాలోనూ పేరుండాలి. రాజ్యం పుట్టింది అందుకే.

ఇప్పుడు కొలువుల్లో ఉన్న మన పిల్లలకు ఒక్కటే మనవి: "రేపు రండి" అనే ముందు ఒక్కసారి ఆ జాబితా చూడండి.