కెమెరా మన చేతికి వచ్చాక: బిజు టోప్పో

పాతకాలపు గోండుల ఫోటోలు అనగానే 1940లలో మార్లవాయి చుట్టుపక్కల హైమెండార్ఫ్ తీసినవే ముందు గుర్తొస్తాయి. ఆయన చేసిన మేలు మనవాళ్లు మరవలేదు, మరవకూడదు కూడా. అయినా ఆ కెమెరా వెనక కన్ను బయటివారిదే. ఆదివాసీయే కెమెరా పడితే ఏమవుతుందో చూడాలంటే జార్ఖండ్ వెళ్లాలి.

బిజు టోప్పో ఉరావ్ తెగ బిడ్డ. ఆ తెగ భాష కురుఖ్. మన గోండి, కువి, కొలామిలాగే అదీ ద్రావిడ భాషే! 1990ల నడుమ నుంచి ఆయన, మేఘనాథ్ కలిసి రాంచీలో 'అఖ్రా' పేరుతో డాక్యుమెంటరీలు తీస్తున్నారు. అఖ్రా అంటే ఊరిజనం ఆడిపాడే, కూడి మాట్లాడుకునే చోటు. కెమెరా, దర్శకత్వం, నిర్మాణం అన్నీ తామే చూసుకున్నారు.

2003లో వచ్చిన 'వికాస్ బందూక్ కీ నాల్ సే' పేరుకు అర్థం, అభివృద్ధి తుపాకీ గొట్టంలోంచి వస్తోందని. ఒడిశా రాయగడ జిల్లా మైకంచ్‌లో బాక్సైట్ గని వద్దన్నవారిపై 2000 డిసెంబర్ 16న పోలీసులు కాల్పులు జరిపారు, ముగ్గురు ఆదివాసీలు చనిపోయారు. జార్ఖండ్ తప్‌కరాలో కోయెల్-కారో డ్యాం వద్దన్న జనంపై 2001 ఫిబ్రవరి 2న కాల్పులు, 8 మంది మృతి. పత్రికల్లో రెండు రోజుల వార్తలుగా ముగిసిపోయేవి ఈ చిత్రంలో ఊరివాళ్ల నోట చరిత్రగా నిలిచాయి. రాయగడ జిల్లా మన పార్వతీపురం మన్యానికి సరిహద్దులోనే ఉందని గుర్తుంచుకోండి.

58వ జాతీయ చలనచిత్ర పురస్కారాల్లో వీరివి రెండు చిత్రాలు గెలిచాయి. స్పాంజ్ ఐరన్ ఫ్యాక్టరీల పొగ, మసి పొలాలను, మనుషులను ఏం చేస్తున్నాయో చూపిన 'లోహా గరమ్ హై' ఒకటి. ఒక్కో మొక్కగా నారు నాటే పద్ధతి, అంటే మన రైతులకు తెలిసిన శ్రీ వరి గురించి తీసిన 'ఏక్ రోపా ధాన్' రెండోది. పోరాటం తీసినవాళ్లే నాట్లూ తీశారు.

నా లెక్కలో మాత్రం వీటికన్నా పెద్దది 'కోరా రాజీ' (2005). తాతల కాలంలో అస్సాం, ఉత్తర బెంగాల్ తేయాకు తోటలకు కూలికి పోయిన జార్ఖండ్ ఆదివాసీల కథ అది. తీసింది కురుఖ్‌లోనే. తోటలో ఆకు కోసే అవ్వ తన భాషలో మాట్లాడితే వినేవాడికి దుబాసీ అక్కర్లేదు, ప్రశ్న అడిగిందీ అదే భాషలో. బయటివాళ్లు ఎంత మంచి కెమెరా తెచ్చినా ఈ చనువు తేలేరు.

ఆ తర్వాత రాంచీ విశ్వవిద్యాలయ ఉపకులపతిగా పనిచేసి, జనంతో పాటు నాట్యమాడిన డాక్టర్ రామ్‌దయాళ్ ముండాపై 'నాచీ సే బాంచీ' తీశారు. ఆడేవాళ్లే బతికి బట్టకడతారని ఆ పేరుకు అర్థం. ముండా 2011లోనే కన్నుమూశారు. చిత్రం వచ్చింది 2017లో.