కెమెరా, కత్తెర - ఒకే చేతిలో

ఛాయాగ్రహణమూ కూర్పూ ఒకే మనిషి చేస్తే చిత్రానికి ఏకత్వం వస్తుందని ఎం.ఏ. రోజుల్లో గట్టిగా వాదించేవాణ్ణి. ఫిల్మ్ సొసైటీ ప్రదర్శనలో చూసిన 'నానుక్ ఆఫ్ ది నార్త్' (1922) అందుకు నా ఉదాహరణ. ఇప్పుడా మాట సగమే నిజమనిపిస్తోంది.

ముందు ఆ నిజమైన సగం. రాబర్ట్ ఫ్లాహర్టీ సినిమా మనిషి కాడు; ఉత్తర కెనడాలో ఖనిజాల కోసం తిరిగినవాడు. 1913లో కెమెరా కొనుక్కుని ఇన్యూట్ ప్రజల జీవితాన్ని తానే చిత్రించసాగాడు. 1916లో టొరంటోలో దాన్ని కూర్చుతుండగా సిగరెట్టు నిప్పు పడి 30,000 అడుగుల నెగెటివ్ కాలిపోయింది. మిగిలిన ఒక్క ప్రింటునూ వేసి చూసుకుని పెదవి విరిచాడు. ఇక్కడొక దృశ్యం, అక్కడొక దృశ్యం. నడుమ బంధం లేదు. ఒకే కుటుంబాన్ని పట్టుకుని తీయాలన్న ఆలోచన అలా పుట్టింది. కూర్పు బల్ల దగ్గర తిన్న దెబ్బ కెమెరా మనిషికి పాఠమైంది. ఎడిటరు వేరే అయితే ఉన్నదాన్ని అతికించి ఊరుకునేవాడు.

1920లో బొచ్చుతోళ్ల వ్యాపారం చేసే రెవియాన్ ఫ్రేర్ కంపెనీ డబ్బుతో హడ్సన్ అఖాతం తీరానికి మళ్ళీ వెళ్ళాడు. (తోళ్ల దుకాణం తెరమీద ఎంత ముచ్చటగా ఉంటుందో చూసినవారికి తెలుసు.) ఫిల్మును అక్కడే కడిగి, ప్రింటు తీసి, అందులో ఉన్నవారికే వేసి చూపించాడు. అందుకు నీళ్ళు మోసిందీ, కెమెరాలు విప్పి శుభ్రం చేసిందీ ఇన్యూట్ సహాయకులే.

ఇక రెండో సగం. అప్పటికే వారి చేతుల్లో తుపాకులున్నాయి. అయినా వాల్రస్ వేట పాతకాలపు బల్లెంతోనే సాగాలన్నాడు ఫ్లాహర్టీ. తాడు పట్టుకున్నవాళ్ళను జంతువు సముద్రంలోకి ఈడుస్తుంటే, తుపాకీ పేల్చమని వాళ్ళు అరిచారు. అర్థం కానట్టు నటించి కెమెరా తిప్పుతూనే ఉన్నానని తర్వాత ఆయనే చెప్పుకున్నాడు. మూకీ చిత్రం గనుక ఆ కేక మనకు వినపడదు. కూర్పులో చార్లెస్ గెల్బ్ సాయపడినా నిర్ణయం ఫ్లాహర్టీదే. అక్కడ ఏం జరిగిందని అడగవలసినవాడూ చెప్పవలసినవాడూ ఒక్కడే అయినప్పుడు ఆ ప్రశ్న పుట్టనే పుట్టదు. కెమెరా వదిలేసినదాన్ని కత్తెర వెతకదు.

లోపలికి వెలుతురు రావడానికి సగం మంచు ఇల్లే కట్టించాడని కొందరు ఆక్షేపిస్తారు. దాన్ని నేను తప్పుపట్టను. ఆనాటి ఫిల్ముకు అంత వెలుగు కావాలి. కాని గ్రామఫోను ఎరిగిన మనిషిచేత, ఎరగనట్టు, రికార్డు కొరికించడానికి ఏ వెలుగు చాలకపోయింది?

ఆ మనిషి పేరు అల్లకారియల్లక్. తెరమీద ఆ పేరు లేదు, నానుక్ అనే ఉంది. చిత్రం విడుదలైన కొద్దికాలానికే ఆయన చనిపోయాడు. వేటకు వెళ్ళి ఆకలితో మాడి పోయాడని ఫ్లాహర్టీ రాశాడు. ఇంట్లోనే, బహుశా క్షయతో, పోయాడని తర్వాతివారు చెప్పారు.