ఇంజంక్షన్ ఉన్నా ఆగని ఆక్రమణలు.. పోలీసు రక్షణకు కోర్టే దిక్కు

పొలంలోకి ప్రతివాది రాకూడదని కోర్టు ఇంజంక్షన్ ఇచ్చింది. అయినా దుక్కుల వేళకు అవతలి పక్షం ట్రాక్టరుతో దిగింది. ఉత్తర్వు ప్రతి తీసుకుని ఠాణాకు వెళితే 'ఇది సివిల్ తగాదా, కోర్టులోనే తేల్చుకోండి' అన్న జవాబు ఎదురైంది. భూవివాదాలున్న గ్రామాల్లో ఇది తరచూ వినిపించే మాటే. చట్టంలో మార్గం ఉన్నా, అది తెలియక పలువురు రైతులు అదను కోల్పోతున్నారు.

అదే కోర్టులో దరఖాస్తు

సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డరు 1, 2 రూల్స్ కింద తాత్కాలిక ఇంజంక్షన్ మంజూరవుతుంది. ఆ ఉత్తర్వు ప్రతివాదిని ఉద్దేశించినది. సాధారణంగా అందులో పోలీసులకు ఆదేశం ఉండదు. కనుక దావా నడుస్తున్న కోర్టులోనే 151వ సెక్షన్ కింద పోలీసు రక్షణ కోరుతూ మధ్యంతర దరఖాస్తు (ఐ.ఏ.) వేయాలి. సివిల్ కోర్టులకు ఈ అధికారం ఉందని 1971 లా రిపోర్టుల్లో ప్రచురితమైన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తీర్పు స్పష్టం చేసింది.

ఆధారాలు ఇవీ

ఇంజంక్షన్ సర్టిఫైడ్ కాపీ, ప్రమాణపత్రంతో పాటు స్వాధీనాన్ని తెలిపే అడంగల్ లేదా పహాణీ నకలు, ఠాణాలో ఇచ్చిన ఫిర్యాదు రసీదు, ఫొటోలు జతపరచడం మేలు. ఆటంకం కలిగించింది ఎవరు, ఏ తేదీన అన్నది ప్రమాణపత్రంలో వివరంగా ఉండాలి. సర్వే నంబరు, హద్దులు సరిగా లేకుంటే ఉత్తర్వు అమలులో చిక్కులు తప్పవు.

రక్షణకూ పరిమితులు

ఉన్న స్వాధీనాన్ని నిలబెట్టడానికే ఈ రక్షణ. లేని స్వాధీనాన్ని కట్టబెట్టడానికి కాదు. బలవంతంగా వెళ్లగొట్టబడిన వారు 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ కింద ఆరు నెలల్లోగా దావా వేసుకోవచ్చు. ప్రతివాది వాదన వినకముందే ఇచ్చిన ఎక్స్‌పార్టీ ఉత్తర్వుపై పోలీసు సాయం ఇవ్వడానికి కోర్టులు సాధారణంగా వెనుకాడుతాయి. తుది డిక్రీ వచ్చిన తరువాత ఉల్లంఘన జరిగితే 21వ ఆర్డరు 32వ రూలు కింద అమలు పిటిషన్ దాఖలు చేయాలి.

ఉల్లంఘిస్తే జైలు

తాత్కాలిక ఉత్తర్వును ధిక్కరించిన వారి ఆస్తిని జప్తు చేయడానికి, మూడు నెలలకు మించకుండా సివిల్ జైలులో ఉంచడానికి 39వ ఆర్డరు 2-ఎ రూలు వీలు కల్పిస్తోంది. ఇందుకు వేరే దరఖాస్తు అవసరం.

నేరుగా హైకోర్టుకు వెళితే..

హక్కులు తేలని తగాదాల్లో పోలీసు రక్షణ పేరిట రిట్ వేసి సివిల్ దావాను తప్పించుకోజాలరని సుప్రీంకోర్టు 2006లో తేల్చిచెప్పింది. అలాగని ఠాణా బాధ్యత తీరిపోదు. హక్కుదారు ఎవరన్నది తేల్చే అధికారం పోలీసులకు లేకున్నా, కొట్లాట, దౌర్జన్యం జరిగితే కేసు నమోదు చేయవలసిందే. శాంతిభద్రతలకు భంగం కలిగే ప్రమాదం ఉంటే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 164వ సెక్షన్ కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు జోక్యం చేసుకోవచ్చు. 2024 జూలై 1కి ముందు ఇదే పాత సి.ఆర్.పి.సి. 145వ సెక్షన్.

ఉత్తర్వు వచ్చిన వెంటనే దాని ప్రతిని ఠాణాలో అందజేసి రసీదు తీసుకోవాలి. ఆటంకం ఎదురైన మరునాడే న్యాయవాదిని కలవాలి. పైరు అవతలివారి కళ్లానికి చేరాక కోర్టు మెట్లెక్కితే ఆ సీజను పంట చేజారినట్లే.