దూరద్యూతము – దాని కొలువులు

మహాభారతమున సభాపర్వములో ఒక చిన్న ఆక్షేపణ కలదు. పాచికలు పరచిన వేళ దుర్యోధనుడు, పణమును తాను ఒడ్డుననియు, తన పక్షమున మేనమామ శకుని ఆడుననియు చెప్పెను. ఒకనికొరకు మరియొకడు ఆడుట న్యాయము కాదని ధర్మరాజు అభ్యంతరము తెలిపెను. తెలిపియు ఆడెను. తరువాతి కథ అందరికిని తెలిసినదే.

ఆ ఆక్షేపణలో ఆలోచింపదగిన విషయ మొకటి యున్నది. జూదమున మూడు పనులు కలవు: ధనము ఒడ్డుట, పాచిక వేయుట, లెక్క తేల్చుట. ఈ మూడును ఒకే చాపమీద జరిగినప్పుడు ఎవరేమి చేయుచున్నారో చూచువారికి తెలియును. ఒక పని మరియొక పనికి దూరమైన కొలదియు మోసమునకును, పన్ను ఎగవేతకును చోటు పెరుగును. పనివారి కష్టములు కంటికి కానరాకుండ పోవును. గడచిన నూట ఎనుబది సంవత్సరములలో విద్యుత్తు ఈ మూడు పనులను ఖండాంతరములకు విడదీసినది. నేడు లండనులో నున్నవాడు పందెము కాయును. చక్రము రీగా నగరమున తిరుగును. లెక్క జిబ్రాల్టరులో తేలును. ఆ లెక్క చూచు ఉద్యోగి స్పెయినులో తన యింటనే కూర్చుండి యుండును. ఈ మార్పు ఏ క్రమమున వచ్చెనో, దానివలన పనిచేయువారికి ఏమి కలిగెనో చూతము.

తంతి తెచ్చిన కొలువు

1844 మే 24వ తేదీన శామ్యూల్ మోర్స్ వాషింగ్టను నుండి బాల్టిమోరు నగరమునకు తంతివార్త పంపెను. అంతకుముందు గుఱ్ఱపు పందెముల ఫలితము మైదానము దాటి పోవలెనన్న రౌతో, పావురమో, రైలో కావలసి యుండెను. తంతి వ్యాపించిన పిమ్మట అమెరికా పట్టణములలో పూల్‌రూములను పందెపు గదులు వెలసినవి. మైదానమునుండి ఒక ఉద్యోగి వార్త పంపును. గదిలో మరియొకడు దానిని విని చెప్పును. వేరొకడు నల్లబల్లమీద సుద్దముక్కతో వ్రాయును. గుఱ్ఱమును కంటితో చూడకుండనే పందెపు వ్యాపారమున జీతము సంపాదించువారు ఇట్లు ఏర్పడిరి.

తంతితోపాటు క్రొత్త మోసమును వచ్చినది. ఫలితము పూల్‌రూమునకు చేరుటకు రెండు నిమిషములు పట్టుననుకొందము. అదే ఫలితము వేరుదారిని ఒక నిమిషములో తెలిసికొన్నవాడు, ముగిసిపోయిన పందెముమీద ధైర్యముగా డబ్బు కాయగలడు. కావున జూదమున కాలభేదమే ధనమైనది. ప్రజల ఒత్తిడివలన వెస్టర్న్ యూనియన్ తంతి సంస్థ 1904లో పందెపు వార్తలు సేకరించి అమ్ముట మానుకొన్నను, ఇతరులు ఆ పని చేపట్టిరి. రాష్ట్రముల సరిహద్దులు దాటించి తంతిద్వారా పందెముల వ్యాపారము చేయుటను నిషేధించు చట్టముపై అధ్యక్షుడు కెన్నెడీ 1961 సెప్టెంబరులో సంతకము చేసెను. సాధనము పుట్టిన శతాబ్దమునకు పైగా గడచినగాని ఆ శాసనము రాలేదు.

లెక్క యంత్రమునకు చేరుట

ఫ్రాన్సు దేశమున 1860వ దశకములో జోసెఫ్ ఓలర్ అనునతడు ఒక క్రొత్త పద్ధతిని ప్రవేశపెట్టెను. పందెములన్నియు ఒక రాశిగా పోసి, నిర్వాహకుని వాటా తీసి, మిగిలినది గెలిచినవారికి పంచుట ఆ పద్ధతి. మొత్తము 1,000 రూపాయలు వచ్చినవనుకొందము. నూటికి పది తీయగా మిగులునది 900. గెలిచిన గుఱ్ఱముమీద కాచినది 300 అయినచో రూపాయికి మూడు రూపాయలు వచ్చును.

లెక్క సులభమేగాని, పలు కిటికీలవద్ద గుమాస్తాలు ఒకే క్షణమున టిక్కెట్లు అమ్ముచుండగా మొత్తములను వెంటవెంటనే కూడుట మనుష్యులకు కష్టము. దీనిని సాధించినవాడు ఆస్ట్రేలియాలోని ఇంజనీరు జార్జి జూలియస్. అతడు మొదట ఎన్నికలలో ఓట్లు లెక్కించుటకు ఒక యంత్రమును కల్పించెను. ప్రభుత్వము దానిని స్వీకరింపలేదు. ఆ ఊహనే మార్చి, పందెముల మొత్తములను కూడు యంత్రముగా చేసెను. అది 1913లో న్యూజీలాండులోని ఆక్లండు నగరమున ఎలర్‌స్లీ మైదానములో నెలకొన్నది. పండ్లచక్రములు, తీగలు, గొలుసులు, బరువులు గల ఆ యంత్రము ముప్పది కిటికీలలోని అమ్మకములను ఒక్కచోట కూడుచుండెను. అమ్మువాడొకచోట, లెక్క వేరొకచోట అను విభజన యంత్రరూపము దాల్చినది. ఆ జూలియసే 1926లో ఆస్ట్రేలియా ప్రభుత్వపు శాస్త్రపరిశోధనా మండలికి మొదటి అధ్యక్షుడయ్యెను.

టెలిఫోను గలవాడు, లేనివాడు

బ్రిటనులో 1906 నాటి చట్టము వీథులలో పందెములు తీసికొనుటను నేరము చేసినది. అయితే అప్పుమీద, ఉత్తరముద్వారానో టెలిఫోనుద్వారానో కాచు పందెమును అది నిషేధింపలేదు. 1934లో విలియం హిల్ స్థాపించిన వ్యాపారము పోస్టు, టెలిఫోను ఆధారముగనే పెరిగినది. బ్యాంకు ఖాతాయు, టెలిఫోనును గల పెద్దమనిషి ఇంటినుండి పందెము కాచినచో నేరము లేదు. కూలివాడు వీథి మొగలో షిల్లింగు ఇచ్చినచో నేరము.

ఈ రెండవ తరగతివారికొరకు పందెపు చీట్లు మోసికొనిపోవు మనుష్యులు ఏర్పడిరి. వారిని రన్నర్లనిరి. ఫ్యాక్టరీ గేటువద్ద, బార్ల ముంగిట చీట్లును, నాణెములును సేకరించి బుకీకి అందజేయుట వారి పని. పట్టుబడి న్యాయస్థానమున నిలువవలసినవాడు రన్నరే. లాభము బుకీది, అపాయము రన్నరుది. 1960 నాటి చట్టముతో ఈ స్థితి మారినది. 1961 మే 1వ తేదీనుండి లైసెన్సు పొందిన పందెపు అంగళ్లు తెరచుకొన్నవి. రన్నరు పని క్రమముగా మాయమైనది. అంగడిలో గుమాస్తాయు, గోడమీద స్పీకరులో మైదానపు వ్యాఖ్యానమును మిగిలినవి.

ఆరున్నర చదరపు కిలోమీటర్ల రాజధాని

ఇంటర్నెట్ రాకతో ఈ చరిత్ర వేగము హెచ్చినది. కరీబియను సముద్రములోని ఆంటిగ్వా-బార్బుడా ప్రభుత్వము 1994లో చేసిన శాసనము ఇంటర్నెట్ జూదసంస్థలకు దారి తెరచినది. ఐరోపాలో ఆ స్థానము జిబ్రాల్టరునకు దక్కినది. స్పెయిను దక్షిణపు కొనను, బ్రిటిషు ఏలుబడిలో నున్న ఈ కొండప్రదేశపు విస్తీర్ణము ఏడు చదరపు కిలోమీటర్లకును లోపే.

దీని కథకు మూలము పన్ను. ఆ కాలమున బ్రిటనులో అంగడిలో పందెము కాచువాడు నూటికి తొమ్మిది చొప్పున అదనముగా చెల్లించుచుండెను. 1999లో విక్టర్ చాండ్లర్ అను ప్రసిద్ధ బుకీ తన వ్యాపారమును జిబ్రాల్టరునకు తరలించెను. టెలిఫోను తీగకు సముద్రము అడ్డు కాదుగదా! ఇతర సంస్థలును అదే త్రోవ పట్టినవి. బ్రిటిషు ప్రభుత్వము 2001 అక్టోబరులో ఆటగాని పన్నును తీసివేసి, దానికి బదులు బుకీ స్థూలలాభముపై నూటికి పదునైదు విధించెను. 2005 నాటి చట్టము ‘దూర జూదము’ను ప్రత్యేకమైన తరగతిగా గుర్తించినది. తుదకు 2014 డిసెంబరునుండి, సంస్థ ఎచ్చట నున్నను ఆటగాడు బ్రిటనులో ఉన్నచో పన్ను బ్రిటనుకే చెల్లవలెనను నియమము వచ్చినది. పదునైదేండ్లలో శాసనము అంగడి చిరునామానుండి ఆటగాని చిరునామాకు మారినదన్నమాట.

పనివారి చిరునామా సంగతి ఏమి? జిబ్రాల్టరులో ఇండ్లు కొద్ది, అద్దెలు ఎక్కువ. స్పెయినులోని లా లీనియా పట్టణమునుండియు, చుట్టుపట్లనుండియు ప్రతిదినము రమారమి 15,000 మంది సరిహద్దు దాటి వచ్చి అన్ని రంగములలో పనిచేయుచుండిరి. ఆ సరిహద్దు సామాన్యమైనది కాదు. 1969లో స్పెయిను పాలకుడు ఫ్రాంకో దానిని మూసివేయగా, నడచి పోవువారికి 1982లోను, అందరికిని 1985లోను తిరిగి తెరచిరి. అందువలననే 2016లో బ్రిటను ఐరోపా సమాఖ్యను వీడవలెనా యను ప్రశ్నకు జిబ్రాల్టరు ఓటర్లలో నూటికి తొంబదియారుగురు వలదనిరి.

2020 మార్చిలో కోవిడ్ మహమ్మారి వ్యాపింపగా కార్యాలయములు ఖాళీ అయినవి. ఉద్యోగులు కంప్యూటర్లతో ఇండ్లకు పోయిరి. అప్పుడు క్రొత్త చిక్కు పుట్టినది. లైసెన్సు జిబ్రాల్టరుది, ఆటగాడు బ్రిటనులో, ఉద్యోగి స్పెయినులో తన వంటింటి బల్లవద్ద. అతని ఆదాయపు పన్ను ఏ దేశమునకు? సాంఘిక బీమా ఎవరిది? ఆటగాని డబ్బు వివరములు ఇంటి తెరమీద కనబడుచుండ వాని గోప్యతకు పూచీ ఎవరు? మహమ్మారి తగ్గిన పిదప వారమున కొన్నిదినములు కార్యాలయమునను, కొన్నిదినములు ఇంటను చేయు మిశ్రమపద్ధతి అనేక రంగములవలె ఇచ్చటను నిలిచినది; దానితో ఈ ప్రశ్నలును నిలిచినవి. 2025 జూన్ 11వ తేదీన బ్రిటను, ఐరోపా సమాఖ్య ఆ సరిహద్దున తనిఖీలు తొలగించుటకు రాజకీయముగా అంగీకారమునకు వచ్చినవి.

ఇంటికి పోగలవారు, పోలేనివారు

అన్ని పనులును ఇంటికి తరలునవి కావు. పందెపు నిష్పత్తులు కట్టు గణితజ్ఞుడు, ప్రోగ్రాములు వ్రాయువాడు, ఆటగాండ్ర ఫిర్యాదులకు జవాబిచ్చువాడు ఎచ్చట కూర్చున్నను పని జరుగును. ప్రత్యక్ష వీడియోలో పేకముక్కలు పంచు ఉద్యోగికి మాత్రము అది వీలుకాదు. లాట్వియా రాజధాని రీగా మొదలైన చోట్ల ఇందుకై పెద్ద స్టూడియోలు కలవు. బల్లమీద ముక్క పడగానే కెమెరాయో, గ్రాహకమో దాని గుర్తును చదివి అంకెగా మార్చును. ఆ అంకె క్షణములో ఆటగాని తెరపై కనబడును. చక్రము నిజమైనది, ముక్క నిజమైనది, మనిషి నిజమైనవాడు. ఆటగాడు మాత్రము ఎదుట లేడు. రాత్రింబగళ్లు వంతులవారీగా కెమెరా ముందు నిలిచి చిరునవ్వు చెదరనీయకుండ పంచుట వారి కొలువు. ఒకే సంస్థలో ఒకనికి ఇల్లే కార్యాలయమైనది; వేరొకరు బల్లను విడిచి కదలుటకు వీలులేదు.

ఇంతకంటె దారుణమైన స్థితియు కలదు. ఫిలిప్పీన్సు దేశము 2016నుండి విదేశీ ఆటగాండ్రకొరకు నడచు జూదసంస్థలకు లైసెన్సులు ఇచ్చెను. జూదము నిషిద్ధమైన చైనాలోని ఆటగాండ్రే వాటికి ప్రధానమైన గిరాకి. వానిలో పలుచోట్ల మనుష్యుల అపహరణము, నిర్బంధము, మోసములు బయటపడగా, 2024 జులై 22వ తేదీన అధ్యక్షుడు మార్కోస్ వానిని నిషేధించుచున్నట్లు ప్రకటించెను. కాంబోడియా 2019 ఆగస్టులోనే ఇంటర్నెట్ జూదపు లైసెన్సులు ఆపివేసెను. జూదము ఆగినను ఆ కట్టడములు, తీగలు, కంప్యూటర్లు మిగిలినవి. వాటిలో కొన్ని ఇంటర్నెట్ మోసముల స్థావరములైనవి. కాంబోడియాలో లక్షమంది వరకు, మయన్మారులో కనీసము లక్షా ఇరువదివేలమంది ఇట్టి పనులలో బలవంతముగా ఉంచబడియుండవచ్చునని ఐక్యరాజ్యసమితి మానవహక్కుల కార్యాలయము 2023లో తెలిపినది.

ఇది మనకు దూరపు మాట కాదు. కంప్యూటరు ఉద్యోగములని ఆశచూపి తెలుగు యువకులను కాంబోడియా పంపిన ఏజెంట్లను 2024 మే నెలలో విశాఖపట్నం పోలీసులు అరెస్టు చేసిరి. అచ్చటికి చేరినవారి పాస్‌పోర్టులు లాగుకొని, స్వదేశస్థులనే ఫోనులో మోసగించు పనిలో వారిని పెట్టిరి. తీగ ఒక్కటియే. జిబ్రాల్టరు ఉద్యోగికి అది ఇంటికి దారి. ఈ యువకునికి అదే సంకెల.

గోడలకొరకు చేసిన చట్టము

మన దేశమున 1867 నాటి జూదచట్టము ‘జూదగృహము’ను ఆధారముగా గొన్నది. ఇల్లు, గది, ప్రహరి గల ఆవరణము వంటివి ఉండిననే సోదాయు, శిక్షయు. జేబులోని ఫోనుకు గోడలు లేవు. ఈ లోటు తీర్చుటకు తెలంగాణ 2017లోను, ఆంధ్రప్రదేశ్ 2020లోను తమ చట్టములు సవరించుకొన్నవి. డబ్బు కాచి ఆడు ఇంటర్నెట్ ఆటలను నిషేధించు కేంద్రచట్టమునకు 2025 ఆగస్టు 22న రాష్ట్రపతి ఆమోదము లభించెను. సంస్థలు అట్టి ఆటలను నిలిపి, అనేక ఉద్యోగులను తొలగించినవి. ఆటగాని కుటుంబమునకు మేలు కలిగించు శాసనము మరియొక కుటుంబపు జీతమును తీసికొనిపోయినది. ఈ రెండు సంగతులను ఒకేసారి తలచుట న్యాయము.

మారని అంకె

దూరము ఇన్నిటిని మార్చినది కాని ఒకదానిని మార్చలేదు. ఒకే సున్న గల రూలెట్ చక్రమున 37 గడులుండును. ఒక అంకెపై రూపాయి కాచి గెలిచినచో ఆ రూపాయితో కలిపి 36 వచ్చును. సగటున 37 మార్లు ఆడినచో 37 రూపాయలు ఒడ్డి 36 పొందుదుము. అనగా ప్రతి రూపాయికిని 37వ వంతు నష్టము. ఎన్ని ఎక్కువమార్లు ఆడిన, ఫలితము ఆ సగటుకు అంత సమీపించుననుట 1713లో వెలువడిన జేకబ్ బెర్నూలీ గ్రంథములోని సిద్ధాంతము.

ఇందు దూరము చేయునదేమి? వేగము. బల్లవద్ద గంటకు 30 మార్లు, మారునకు 10 రూపాయల చొప్పున ఆడిన ఒడ్డు 300, సగటు నష్టము సుమారు 8 రూపాయలు. చేతిలోని తెరమీద నిమిషమునకు పదిమార్లు మీట నొక్కినచో గంటకు 600 మార్లు. ఒడ్డు 6,000, సగటు నష్టము సుమారు 162. చక్రము మారలేదు, భిన్నము మారలేదు. వేగము ఇరువదింతలు కాగా నష్టమును ఇరువదింతలైనది. ఈ లెక్కను ఉపాధ్యాయులు తరగతిలో చేయించిన విద్యార్థులకు సగటు అను మాటయొక్క అర్థము బోధపడును.

దానితోపాటు మరియొక లెక్కయు నేర్పవలెను. ఇంటినుండి పనియనియో, విదేశములో కంప్యూటరు పనియనియో ప్రకటన కనబడినప్పుడు మూడు ప్రశ్నలు వేయవలెను: యజమాని ఏ దేశమున నున్నాడు? ఆ పనికి ఏ దేశపు చట్టము వర్తించును? నా పనివలన డబ్బు కోల్పోవువాడెవడు? వీనికి స్పష్టమైన సమాధానము దొరకనిచో ఆ కొలువునకు పోరాదు. సభలో ధర్మరాజు సరియైన అభ్యంతరమునే తెలిపెను. అభ్యంతరము తెలిపినచోటనే ఆగియుండవలసినది.