ఒకే డిజిటల్ గేమ్.. ఇంట్లో రెండు కన్సోల్స్! ఇద్దరూ ఆడాలంటే?

గేమ్ డిస్క్ ఎవరి చేతిలో ఉంటే వాళ్లు ఆడుకోవచ్చు. డిజిటల్ గేమ్ అలా కాదు. అది కొన్నవారి అకౌంట్‌కి లింక్ అయి ఉంటుంది. అందుకే ఆ అకౌంట్‌కి ఏ కన్సోల్‌ను మెయిన్‌గా సెట్ చేశారన్నదే ఇక్కడ కీలకం.

ప్లేస్టేషన్ 5: సెట్టింగ్స్‌లో 'కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే' ఆన్ చేస్తే, ఆ కన్సోల్ వాడే మిగతావాళ్లూ గేమ్ ఆడొచ్చు. ఒక అకౌంట్‌కి ఒక్క పీఎస్5లోనే ఈ ఆప్షన్ పనిచేస్తుంది.

ఎక్స్‌బాక్స్: దీన్ని 'హోమ్ ఎక్స్‌బాక్స్' అంటారు. ఏడాదిలో 5 సార్లు మాత్రమే మార్చుకోవచ్చు.

ఈ రెండింట్లోనూ చిట్కా ఒక్కటే. గేమ్ కొన్న అన్న తమ్ముడి కన్సోల్‌ను మెయిన్‌గా పెట్టి, తన కన్సోల్‌లో సొంత అకౌంట్‌తో ఆడితే సరి. కాకపోతే అన్నకు ఇంటర్నెట్ ఉండాల్సిందే.

నింటెండో స్విచ్: 2025 ఏప్రిల్‌లో 'వర్చువల్ గేమ్ కార్డ్' వచ్చింది. ఫ్యామిలీ గ్రూప్‌లోని వారికి గేమ్‌ను 14 రోజుల పాటు ఇవ్వొచ్చు. అన్ని రోజులూ ఇచ్చినవారు మాత్రం ఆ గేమ్ ఆడలేరు.

షేరింగ్ పేరుతో బయటివాళ్లకు పాస్‌వర్డ్ ఇస్తే అకౌంట్‌తో పాటు కొన్న గేమ్స్ అన్నీ చేజారే ప్రమాదం ఉంది. పాత కన్సోల్ అమ్మేముందు అందులోంచి అకౌంట్ తీసేయడం మర్చిపోవద్దు.